మరుగుదొడ్డికి బండలు పరిచిన రోజు

నా చిన్నప్పుడు మా ఇంటి మరుగుదొడ్డికి షాబాదు బండలు పరిచిన రోజొకటి ఉంది. ఇది నలుగురిలో చెప్పుకునే సంగతేమీ కాదు. ఎప్పుడైనా అన్నాల దగ్గర మొదలుపెడితే, తినేటప్పుడా ఆ కబుర్లు అని మా మనవరాళ్ళు మూతి ముడుస్తారు. అందుకే ఇన్నాళ్ళూ ఎవరికీ పూర్తిగా చెప్పలేదు. కానీ నా బతుకులో నేను అంతగా భయపడిన రోజు ఇంకోటి లేదు. భయం వేస్తే ఏం చేయాలో నేర్చుకున్న రోజు కూడా అదే.

మాది సికింద్రాబాదులో బన్సీలాల్‌పేట దగ్గర ఒక సన్నని గల్లీ. కోస్తా నుంచి వచ్చి స్థిరపడ్డ క్రైస్తవ కుటుంబం. మా నాన్న రైల్వేలో గుమాస్తా, మా అమ్మ మిషన్ బడిలో టీచరు. పగలంతా ఇంట్లో ఉండేది మా అమ్మమ్మా, ఇంకా బడిలో చేరని నేనూ. అమ్మమ్మ మిషన్ ఆసుపత్రిలో ఏళ్ళ తరబడి కాన్పులు చేయించిన మనిషి కాబట్టి గల్లీ అంతా ఆవిడను నర్సమ్మ అనేవారు. పొట్టిగా, గట్టిగా ఉండేది. ఎవరి ఏడుపుకీ కంగారుపడేది కాదు. నాకు ఆవిడంటే ఎంత ప్రేమో అంత భయం.

ఆ ఏడు నిజాం రాజ్యం మీదికి ఇండియా మిలిటరీ వచ్చింది. పోలీసు చర్య అన్నారు పెద్దవాళ్ళు. అంతకుముందు నెలల తరబడి ఖాకీ చొక్కాల దళం వీధుల్లో కవాతు చేస్తుంటే మేం తలుపులు బిగించుకుని కూర్చున్నాం. ఊళ్ళల్లో ఇళ్ళు కాల్చేస్తున్నారని చెప్పుకునేవారు. మిలిటరీ వచ్చాక, ఆ చొక్కాలు తొడిగినవాళ్ళ కోసం జనం గుంపులుగా వెతకసాగారు, తలుపులు బిగించుకోవడం అవతలివాళ్ళ వంతయింది. భయం మా ఇంట్లోంచి లేచి పక్కింట్లోకి వెళ్ళి కూర్చుంది, అంతే తేడా.

పక్కింట్లో ఒక తురక కుటుంబం ఉండేది. ఇంటావిడను నేను ఖాలా అనేదాన్ని, వాళ్ళబ్బాయిని భాయి అనేదాన్ని, అతను మా అమ్మమ్మను నానీ అనేవాడు. సైకిలు షాపులో పంక్చర్లు వేసే కుర్రాడు. మీసం కూడా సరిగా రాలేదు. నన్ను సైకిలు ముందు కూర్చోబెట్టుకుని గల్లీ చివరిదాకా తిప్పి తెచ్చేవాడు. ఆ వేసవిలో అతనూ ఒక ఖాకీ చొక్కా తొడుక్కుని, భుజాన కర్ర పెట్టుకుని మైదానంలో కవాతుకు పోయి వచ్చాడు. కొత్త చొక్కాలో కొడుకు బాగున్నాడని ఖాలా మురిసిపోయింది. కవాతు కాక ఇంకేమైనా చేశాడో లేదో నాకప్పుడు తెలియదు, ఇప్పుడూ తెలియదు. గల్లీలో మాత్రం అతన్ని ఆ చొక్కాలో చూడనివాళ్ళు లేరు.

ఇక మరుగుదొడ్డి సంగతి. అది పెరటి చివర విడిగా ఉన్న చిన్న గది. లోపలికి వెళ్ళగానే నీళ్ళతొట్టి, తొట్టి పక్కన ఒక అడ్డుగోడ, ఆ గోడ వెనక్కి తిరిగితే ఎత్తుగా కూర్చునే గద్దె. గద్దె కింద వెనక సందులోకి ఒక కన్నం ఉండేది, శుభ్రం చేసే మనిషి అటునుంచే వచ్చి వెళ్ళేవాడు. కన్నానికి ఒక రేకు తలుపు. ఆ వానలకు లోపలి మట్టినేల కుంగిపోయి కాలు పెట్టడానికి లేకుండా అయింది. గద్దె కొత్తగా కట్టించి, నేలకు బండలు వేయించాలని మా నాన్న ఒక మేస్త్రిని మాట్లాడాడు. ఆ మేస్త్రి చెల్లెలి ఇల్లు వాళ్ళ ఊళ్ళో తగలబడింది. కట్టుబట్టలతో పిల్లల్ని చంకనేసుకుని అన్న దగ్గరికి వచ్చేసింది. ఆ సంగతి మా అందరికీ తెలుసు.

ఆ పొద్దున అమ్మా నాన్నా పనులకు వెళ్ళిపోయారు. గద్దె ముందురోజే కట్టేసిన మేస్త్రి సున్నం కలిపి, బండలు గది ముందు పేర్చుకుని, నేల పని మొదలుపెట్టబోతున్నాడు. అంతలో భాయి మా పెరటి గోడ దూకి వచ్చి పడ్డాడు. పైన బనీను తప్ప చొక్కా కూడా లేదు. గోడ అవతలినుంచి ఖాలా గొంతు వినిపించింది.

"నర్సమ్మా, వస్తున్నరు. ఇల్లిల్లు చూస్తున్నరు. నా కొడుకును జెర బచాయించు తల్లీ."

గల్లీ మొదట్లోంచి కేకలు, తలుపులు బాదుతున్న చప్పుడు మాకూ వినబడుతూనే ఉన్నాయి. అమ్మమ్మ మా ఇంటివైపు చూసింది. రెండే గదులు, దాక్కోవడానికి ఒక పెద్ద బీరువా కూడా లేదు. తర్వాత మరుగుదొడ్డి వైపు చూసింది. తర్వాత మేస్త్రి వైపు చూసింది. అతను ఒక్క కేక వేస్తే చాలు. ఆ కుర్రాడి ప్రాణం ఆ క్షణాన మేస్త్రి నోట్లో ఉందని పిల్లదాన్ని నాక్కూడా తెలిసిపోయింది.

"నా చెల్లె ఇల్లు కాలవెట్టినోళ్లు సుత ఈ పోరడు తొడిగినసుంటి అంగీలే తొడుక్కున్నరు నర్సమ్మా," అన్నాడు మేస్త్రి, మెల్లగా.

అమ్మమ్మ అతనితో వాదించలేదు. నీ చెల్లెలికి జరిగింది నాకు తెలుసు నాయనా, నిన్ను బలవంతపెట్టను, కాదంటే ఇప్పుడే చెప్పెయ్ అంది. భాయి గోడకు ఆనుకుని మళ్ళీ దూకడానికి అటూ ఇటూ చూస్తున్నాడు. మేస్త్రి అతన్ని కిందినుంచి పైదాకా చూశాడు. ఆ చూపులో జాలి ఏమీ లేదు, ఆ మాట ఉన్నదున్నట్టు చెప్పాలి. తర్వాత తాపీ చేతిలోకి తీసుకున్నాడు.

"లోపల అడ్డుగోడెన్కకు పొమ్మను. నేను లోపల్నుంచి గడపదాక బండలు పరుసుకుంట వస్త. పచ్చి బండల మీద అడుగు పడకుంట లోపలికి ఎవడూ పోలేడని ఎవలకైన ఎరుకే."

కానీ భాయి లోపలికి పోయి నిలకడగా ఉండే స్థితిలో లేడు. ఉరుకుతా, ఆ గోడ దూకి ఉరుకుతా అంటాడు. వెనక సందులోకి ఉరికితే నేరుగా వాళ్ళకు ఎదురుపడతాడు. అమ్మమ్మ పట్టుకుంటే ఆగే వయసు కాదు. అప్పుడావిడ చేసిన పని ఇప్పటికీ నాకు నమ్మబుద్ధి కాదు. నా మణికట్టు పట్టుకుని దగ్గరికి లాక్కుని చెవిలో చెప్పింది. ఆ అన్నకు చాలా భయంగా ఉందే, నువ్వు పక్కన కూర్చుని చూసుకో, లేవనివ్వకు, ఏడవనివ్వకు అంది. ఆ మాట చెప్పి నన్ను ఆ గదిలోకి నెట్టింది. తర్వాత భాయి మెడ వంచి అతని చెవిలోనూ ఏదో చెప్పింది. అదేమిటో నాకు వినబడలేదు. అతను మాత్రం ఒక్కసారి నావైపు చూసి, గోడవైపు చూడటం మానేసి లోపలికి వచ్చాడు.

మేమిద్దరం కొత్త గద్దె మీద ముడుచుకుని కూర్చున్నాం. మేస్త్రి మా కాళ్ళ దగ్గరినుంచి మొదలుపెట్టాడు. సున్నం పరచడం, బండ దింపడం, కర్రతో తట్టి కుదుర్చడం, వెనక్కి జరగడం. బిడ్డా, కాలు కింద పెట్టకు అని ఒక్కటే మాట నాతో అన్నాడు. భాయి ముఖం వైపు ఒక్కసారి కూడా చూడలేదు. గది చిన్నది, బండలు పెద్దవి, ఎక్కువసేపేమీ పట్టలేదు. చూస్తుండగానే అతను అడ్డుగోడ దాటి అవతలికి వెళ్ళిపోయాడు, తలపాగా కూడా కనబడకుండా పోయింది. ఇక మేం కావాలన్నా బయటికి రాలేం. అమ్మమ్మను పిలవాలనిపించింది. కానీ నన్ను పంపింది అన్నను చూసుకోమని కదా, నేనే ఏడిస్తే ఎలా అని పళ్ళు బిగపట్టుకున్నాను.

వాళ్ళు పెరట్లోకి వచ్చారు. ఎంతమందో నాకు కనబడలేదు. ఒక గొంతు మాత్రం గుర్తుపట్టాను, మాకు రోజూ పాలు పోసే ఆయనది. పొద్దున్నే నన్ను నవ్వించి వెళ్ళే గొంతు అంత కరుగ్గా మాట్లాడగలదని నాకు అప్పటిదాకా తెలియదు. ఇల్లంతా తిరిగారు. గిన్నెలు దొర్లాయి. చివరికి మరుగుదొడ్డి గడప దగ్గరికి వచ్చి ఆగారు.

"గిండ్ల ఎవడన్న ఉన్నడా మేస్త్రీ?"

మేస్త్రి తట్టడం ఆపలేదు. "నువ్వే సూడు. అడుగు వెట్టకు, బండ కుంగుతది. పొద్దటి సంది నడుం ఇరగ చేసిన పని."

అమ్మమ్మ గొంతు వినిపించింది. "లోపలికి మనిషి వెళ్తే అడుగు పడాలి కదా నాయనా. చూసుకోండి."

వాళ్ళు చూశారు. తడి బండలు, సందుల్లోంచి పైకి ఉబికిన సున్నం, ఎక్కడా అడుగు జాడ లేదు. అయినా పోయి చూద్దాం అన్నాడు ఎవడో. నీకేమన్న పిచ్చా, ఎగిరిపోయిండా వాడు అన్నాడు పాలాయన. ఎంత కోపంతో వచ్చినా, ఒకడు అప్పుడే పరిచిన నేలను తొక్కి పాడుచేయడానికి వాళ్ళకు కాలు రాలేదు. వాళ్ళూ ఏదో ఒక పని చేసుకుని బతికేవాళ్ళే కదా.

అయిపోయిందనుకున్నాను. కానీ ఒకడు చుట్టూ తిరిగి వెనక సందులోకి వచ్చాడు. మా కిందనే, రేకు తలుపు టపటపమని కొట్టుకుంది. వంగి చూడటానికి వాడికి అసహ్యం వేసినట్టుంది, కర్ర లోపలికి దూర్చి అటూ ఇటూ కెలికాడు. గద్దె కింద ఆ కర్ర రాళ్ళకు తగులుతుంటే నా ఒంట్లో ప్రతి ఎముకకూ తెలిసింది. భాయి గొంతులోంచి ఏదో సన్నగా బయటికి రాబోయింది. నేను చటుక్కున నా అరచెయ్యి అతని నోటికి అడ్డం పెట్టాను. సరిగ్గా అప్పుడే అతను రెండు చేతులతో నా చెవులు మూశాడు. అలా ఉండిపోయాం. అతని ఊపిరి నా వేళ్ళకు వేడిగా తగులుతోంది. నాకు ఇక ఏమీ వినబడలేదు.

ఎప్పటికో అతను చేతులు తీశాడు. వాళ్ళు వెళ్ళిపోయారు. తర్వాతి ఇళ్ళ దగ్గర కేకలు కూడా దూరమయ్యాయి.

అప్పుడు భాయి నా చెవిలో గుసగుసగా, ఇగ భయపడకు పాపా, నిన్ను చూసుకొమ్మని నానీ నాకు చెప్పింది, నేనున్న కదా అన్నాడు. నాకు ఒళ్ళు మండింది. నిన్ను చూసుకోమని నాకు చెప్పింది, నువ్వు నన్ను చూసుకునేదేమిటి అన్నాను. కాదు, పాప శానా భయపడుతున్నది, నువ్వు లేస్తే అది లేస్తది, దాన్ని విడిచి కదలకు అని నానీ నాకు చెప్పింది అన్నాడు. ఎవరు ఎవరిని కాపాడారని ఆ గద్దె మీద మేమిద్దరం గుసగుసలతోనే పోట్లాడుకున్నాం. ఉన్నట్టుండి అతను నవ్వాడు, నవ్వుతూనే భోరుమని ఏడ్చాడు. ఈసారి నేను అతని నోరు మూయలేదు.

సాయంత్రం మేస్త్రి గడప మీదినుంచి అడ్డుగోడ దాకా ఒక చెక్క వేసి, నేల కదలకుండా నన్ను ఎత్తుకుని బయటికి తెచ్చాడు. వెళ్ళేముందు అమ్మమ్మను ఒక్కటే అడిగాడు, ఈ ముచ్చట నా చెల్లెకు ఎరుక కావద్దని. చీకటి పడ్డాక అదే చెక్క మీద బయటికి వచ్చిన భాయిని మర్నాడు మా నాన్న తన రైల్వే కోటు తొడిగించి, పక్కన నడిపించుకుంటూ స్టేషనుకు తీసుకెళ్ళి బంధువుల ఊరికి రైలెక్కించాడు. గొడవలన్నీ సద్దుమణిగాక తిరిగి వచ్చి, కార్ఖానా బస్తీలో సొంతంగా సైకిలు షాపు పెట్టుకున్నాడు.

మా అమ్మ బడినుంచి వచ్చి సంగతి విన్నప్పుడు ఇంట్లో జరిగింది మాత్రం వేరే. నన్ను ఒళ్ళో అదుముకుని తల్లిని నానామాటలూ అంది. పిల్లను ఎరగా వేస్తావా అంది. అమ్మమ్మ అన్నీ విని, కాన్పుల గదిలో ఇన్నేళ్ళు చూశానే, భయపడ్డవాడికి ఒకరిని చూసుకోమని అప్పగిస్తే కాళ్ళు నిలబడతాయి, పిల్ల పక్కన ఉంటే వాడు పరిగెత్తడు అంది.

"పరిగెత్తడని నీకు తెలుసా, అనుకున్నావా?" అని అడిగింది మా అమ్మ.

"అనుకున్నాను," అంది అమ్మమ్మ.

ఆ తర్వాత చాలా రోజులు అమ్మ ఆవిడతో మాట్లాడలేదు. తల్లిగా మా అమ్మదే సబబని నాకు పిల్లలు పుట్టాక అనిపించింది. మా చిన్న మనవరాలికి ఇప్పుడు సరిగ్గా అప్పటి నా వయసు. అది నిద్రపోతుంటే చూస్తూ, దీన్ని నేను ఆ గదిలోకి పంపగలనా అని నన్ను నేను అడుగుతుంటాను. పంపలేను. ఆ కుర్రాడు చచ్చిపోతాడని తెలిసినా పంపలేను. ఆ మాట ఒప్పుకోవడానికి సిగ్గుగా ఉంటుంది, అయినా అదే నిజం. అమ్మమ్మ మీద నాకు కోపమూ పోలేదు, ఆవిడంత మనిషిని మళ్ళీ చూడనూ లేదు.

మొన్నామధ్య నాకు కంటి ఆపరేషన్ చేశారు. బల్లమీద పడుకోబెట్టి ఇంజెక్షన్ ఇవ్వడానికి ఒక అమ్మాయి వచ్చింది. ఉద్యోగంలో కొత్తగా చేరినట్టుంది, సూది పట్టుకున్న చెయ్యి అదురుతోంది, పెదవులు ఎండిపోయి ఉన్నాయి. నాకు గుండె దడదడలాడుతోంది, లేచి ఇంటికి పోదామనిపిస్తోంది. ఆ పిల్లను దగ్గరికి రమ్మని, అమ్మాయీ, నాకు చాలా భయంగా ఉంది, కాసేపు నా చెయ్యి పట్టుకో అన్నాను. ఆమె సూది పక్కన పెట్టి నా చెయ్యి తన రెండు చేతుల్లోకి తీసుకుంది, ఏం కాదు మామ్మగారూ, నేనున్నానుగా అంది. అంటుండగానే ఆమె చేతులు కుదుటపడ్డాయి. నా గుండె సంగతి చూసుకోవడం నేను మర్చేపోయాను.