పర్మిషన్ లేనిదే మావాడు ఊరు దాటడు!

నిన్న నేను చేసిన పనికి నా కొడుకు ఉద్యోగం చెయ్యి జారిపోవాల్సింది. జారలేదు. ఎట్లనో చెప్తా, కాఫీ చల్లారకముందే వినండి.

మా రఘు పెనుకొండలో ఒక ఆఫీసులో గుమాస్తా. వీధిలో బోరు దగ్గర జనం కొట్టుకుంటా ఉంటే విడదీయబోయినాడు. పోలీసు కేసులో వాని పేరూ పడింది. ఆఫీసులో సస్పెండ్ చేసినారు. పరిగి బడిలో టీచరుగా పిల్లలకు చెప్పినట్టే చెప్తా: సస్పెన్షన్ అంటే శిక్ష కాదు, సంగతి తేలేదాకా పక్కన కూర్చోమనడం. అయితే అనుమతి లేకుండా ఊరు దాటకూడదు.

ఆ షరతును నేను పట్టుకున్నంత గట్టిగా ప్రభుత్వం కూడా పట్టుకోలేదు. హిందూపురంలో బావమరిది పెండ్లికే వాణ్ణి పోనీలేదు! ఆ పెండ్లి ఫోటోలు చూసినప్పుడల్లా కోడలు సుజాత నావైపొక చూపు చూస్తుంది.

నిన్న పొద్దున రఘు స్నానానికి పోయినప్పుడు వాని ఫోన్ మోగింది. నేనే ఎత్తినా.

"అమ్మా, ధర్మవరం ఆఫీసు నుంచి, రఘు పైఅధికారిని. ఆయన్ను వెంటనే రమ్మనండి. సాయంత్రం నేను ట్రాన్స్‌ఫర్ మీద పోతున్నా. ఫైలు మీద సంతకం పెట్టేముందు ఒక మాట మాట్లాడాల."

అంత పెద్దాఫీసరు తానే ఫోన్ చేస్తాడా? ఈమధ్య దొంగ ఫోన్లు ఎన్ని వస్తాండాయో! మావాణ్ణి ఊరు దాటించి ఇరికించాలని చూస్తాండారు అనుకున్నా.

"చూడు నాయనా, సస్పెన్షన్‌లో ఉన్నవాడు పర్మిషన్ లేకుండా కదలకూడదు. తెలుసా?"

"తెలుసమ్మా. ఆ పర్మిషన్ ఇచ్చేది నేనే."

"అయితే రాసి, సీలు వేసి పంపు. బావమరిది పెండ్లికే పంపనిదాన్ని, నువ్వు పిలిస్తే పంపుతానా? ఓటీపీ కూడా చెప్పను!" అని పెట్టేసినా.

రఘు వచ్చి నంబరు చూసినాడు. "అమ్మా! సారే! ఈరోజు సంతకం కాకుంటే కొత్తాయన ఫైలు మళ్లీ మొదటినుంచి చూడాల!"

తిరిగి చేస్తే ఎత్తలేదు. తడి తలతోనే బండెక్కి ధర్మవరం పోయినాడు. సుజాత ఆ పెండ్లి ఫోటోలు తీసి ముందరేసుకుని కూర్చుంది. తిట్టినా బాగుండు.

పొద్దు గూకే వేళకు రఘు నవ్వుతా వచ్చినాడు. మళ్లీ డ్యూటీలో చేరమని ఆర్డరు! సోమందేపల్లిలో పోస్టింగ్. కేసు కోర్టులోనే ఉండాది, అది తేలాల్సిందే. కానీ వానికి పని దొరికింది.

"నేను పోయేసరికే సంతకం పెట్టేసినాడమ్మా. 'షరతులు పాటిస్తాండావా అని అడుగుదామనుకున్నా, మీ అమ్మ చెప్పేసింది కదప్పా' అన్నాడు. ఇది నీకియ్యమన్నాడు."

చిన్న కాగితం. రఘు ధర్మవరం వచ్చిపోవడానికి పర్మిషన్. సంతకం, గుండ్రటి సీలు!

దొంగ అనుకున్నదాన్ని ఇంత మన్నించినాడు. ఆ సారు ఏ ఊర్లో ఉన్నా చల్లగా ఉండాల. నిన్న దీపం పెట్టేటప్పుడు రఘునడిగి ఆయన పేరే తలుచుకున్నా. ఫోన్‌లో నేను పేరడిగితే కదా!

ఈ పొద్దున రఘు ఇస్త్రీ చొక్కా వేసుకుని సోమందేపల్లికి బండి స్టార్ట్ చేసినాడు. నా నోరు ఊరుకుంటుందా?

"ఒరేయ్, పర్మిషన్ ఉండాదా?"

లోపలినుంచి సుజాత: "ఆయన సస్పెన్షన్ అయిపోయిందత్తా! ఇంక మిమ్మల్ని సస్పెండ్ చేయాల!"

చేయనీండి. దీనిమీద అప్పీలుకు నేను పోను.