అంటించని కోర్టు కాగితం

మా ఎల్లారెడ్డి కోర్టులో నోటీసులు పంచే సిద్దిరాములుకు పెళ్లి పిలుపులు తక్కువ. ఖాకీ సంచి భుజాన వేసుకుని ఆయన ఏ ఊళ్లో బస్సు దిగినా ఇళ్ల తలుపులు మూతపడతాయి. కోర్టు బయట టైపు మిషను పెట్టుకున్న నేనొక్కణ్ణే ఆయనకు దోస్తు. అదీ చాయ్ డబ్బులు ఆయనే ఇస్తాడు కనుక.

మనవాళ్లకు ఒక గట్టి నమ్మకం. కోర్టు కాగితం చేత్తో తీసుకోకపోతే కేసే లేనట్టు. ఈ తెలివి ఎవరు నేర్పారో గానీ, దొరికితే నాలుగు తగిలించేవాణ్ణి. కాగితం తప్పించుకుంటే కేసు ఆగదు. మన మాట వినకుండానే తీర్పు వస్తుంది, కుదువ పెట్టిన ఇల్లు వేలానికి పోతుంది.

నాగిరెడ్డిపేట దగ్గరి ఊళ్లో బీడీలు చుట్టే ఎంకవ్వ కూడా అలాగే తప్పించుకు తిరిగింది. కొడుకు శైలేందర్ దుబాయి వీసా కోసం రెండు గదుల ఇంటిని కామారెడ్డిలో ఒక ఫైనాన్సులో కుదువ పెట్టింది. అక్కడ చెప్పిన పని లేదని కొడుకు నాలుగు నెలలకే తిరిగొచ్చాడు. కిస్తీలు ఆగాయి, ఫైనాన్సువాళ్లు కోర్టుకెక్కారు. సిద్దిరాములు రెండుసార్లు పోతే, రెండుసార్లూ ఆమె ఊళ్లో లేదన్నారు పక్కింటివాళ్లు. ఈసారి దొరక్కపోతే తలుపుకు అంటించి రమ్మని కోర్టు చెప్పింది. పొద్దున్నే మైదా జిగురు డబ్బా సంచిలో పెట్టుకుంటున్నప్పుడు ఆయన ముఖం చూడాలి. ఇరవై ఆరేళ్ల నౌకరీలో ఆయనకు గిట్టని పని అదొక్కటే.

ఆ రోజు కూడా తలుపుకు గొళ్లెం పెట్టి ఉంది. అరుగు మీద మాత్రం చాట అలాగే ఉంది, కత్తిరించిన ఆకు, తంబాకు, సగం చుట్టిన బీడీతో సహా. మనిషి ఇప్పుడే లేచి పరుగెత్తిందని తెలుస్తూనే ఉంది. సిద్దిరాములు డబ్బా మూత తీసి, మళ్లీ పెట్టేశాడు. చాట ముందు కూర్చుని బీడీలు చుట్టడం మొదలుపెట్టాడు.

సిద్దిరాములును వాళ్లమ్మ బీడీలు చుట్టే చదివించింది. ఆమె చేతి ఒడుపు మాత్రం కొడుక్కు రాలేదు. ఒకటి లావు, ఒకటి సన్నం, ఇంకోదాంట్లోంచి తంబాకు కారిపోతోంది. చాటు నుంచి చూస్తూ పది దాకా ఓర్చుకుంది ఎంకవ్వ. ఆకు కార్ఖానావాళ్లు తూచి ఇస్తారు, పాడైతే తన కూలిలోంచే పోతుంది. పదకొండోదానికి ఎదురింటి గోడ వెనక నుంచి వచ్చేసింది.

"ఆకంత ఖరాబు చేస్తున్నవేందన్నా. గియ్యి కార్ఖానాల ఎవడు తీస్కుంటడు?"

"నువ్వు కాయిదం తీస్కునేదాంక చుడుతనే ఉంట" అన్నాడు సిద్దిరాములు.

ఆమె చాట లాక్కుని, అక్కడే కూలబడి ఏడ్చింది. ఏడుపు తగ్గేదాకా ఆయన కదల్లేదు. తర్వాత నెమ్మదిగా చెప్పాడు, ఇల్లు ఇంకా పోలేదని, కోర్టుకు వస్తేనే నిలుస్తుందని, డబ్బు లేనివాళ్లకు వకీలును కోర్టే ఇస్తుందని, రెండో శనివారం లోక్ అదాలత్ ఉందని. ఎంకవ్వ వేలిముద్ర వేసి కాగితం తీసుకుంది.

ఆ శనివారం లోక్ అదాలత్‌కు వచ్చింది. ఫైనాన్సువాళ్లు వడ్డీ చాలామటుకు వదిలారు. అసలులో సగం ఆమె తన బీడీల పీఎఫ్ తీసి కట్టింది, మిగతాది ఏడాదిన్నరలో కిస్తీలుగా కట్టేట్టు రాజీ కుదిరింది. ఆ రాజీ కాగితం టైపు చేసింది నేనే. ఒక్క తప్పు లేకుండా చేశానని ఇప్పటికీ నాకు గొప్పే. శైలేందర్ కామారెడ్డిలో ఆటో నడిపి ఒక్క కిస్తీ కూడా తప్పకుండా కట్టాడు.

మొన్న ఇంటి పత్రాలు ఎంకవ్వ చేతికొచ్చాయి. అదే వారం సిద్దిరాములు వేరే నోటీసు మీద ఆ ఊరికి పోతుంటే నేనూ బస్సెక్కాను. ఖాకీ సంచి కనపడగానే వీధిలో మూడు తలుపులు పడ్డాయి. ఎంకవ్వ తలుపు బార్లా తెరిచే ఉంది. నిజం చెప్పాలంటే నాకు కళ్లు చెమర్చాయి. మమ్మల్ని చూసి ఆమె చాటను తన వైపు జరుపుకుని, అరుగు మీద ఇద్దరికీ చోటు చేసింది.

"కూసోండ్రి అన్నా, చాయ్ పెడుత" అంటూ లేచింది. గడప దగ్గర ఆగి, సిద్దిరాములు వైపు చూసింది.

"ఆకు మాత్రం ముట్టకు."