ఆడి నెల మీద పడ్డ నింద

స్టాంపు రీఫండుకు గడువు దాటిందని వీరమ్మకు చెప్పాను. అది ఎవరివల్ల దాటిందో మాత్రం చెప్పలేదు.

ఎనిమిదేళ్ల కిందటి మాట. రాజపాళయంలో రిజిస్ట్రారు ఆఫీసు ఎదురుగా నాది డాక్యుమెంట్ రైటర్ పని, అంటే క్రయపత్రాలు రాసి రిజిస్టరు చేయించడం. సత్రపట్టిలో బ్యాండేజీ గుడ్డ నేసే వీరమ్మ, ఆమె భర్త గురుసామి అక్కడే ఒక ఇంటిస్థలం కొనాలని వచ్చారు. బేరం కుదిర్చింది కూడా నేనే. తమిళ నెల ఆని ఆఖరున, అంటే జూలై నడుమ, వీరమ్మ గొలుసు కుదువపెట్టి స్టాంపు కాగితాలు కొన్నారు.

"రేపే రాసేద్దామా?" అన్నాను.

"ఆడి పుట్టబోతా ఉంది కదా రైటరన్నా. ఆడిలో ఎవరన్నా పత్రం రాస్తారా? ఆవణి రానీండి" అన్నాడు గురుసామి.

ఆడి అంటే మన ఆషాఢం లాంటిది, మా తమిళనాడు వైపు ఆ నెలలో స్థలాలు కొనరు. నేనూ సరేనన్నాను.

ఆడి దాటి ఆవణి వచ్చేసరికి స్థలం గలాయన అడ్డం తిరిగాడు. కొడుకులు ఒప్పుకోలేదట. మరునాడే వీరమ్మ కాగితాల సంచీతో వచ్చింది.

"ఇవి తిరిగిచ్చేసి దుడ్డు తెచ్చీండి రైటరన్నా. నా గొలుసు విడిపించుకోవల్ల."

వాడని స్టాంపు కాగితాలకు రీఫండు ఉంది. కొన్న ఆరు నెలల్లోపు అర్జీ పెడితే కొంత పట్టుకుని మిగతాది ఇస్తారు. ఆ అర్జీ రాయడం నాకు పెద్ద పనేం కాదు. కానీ కాగితాలు తిరిగిస్తే బేరం చెడినట్టే. నేను కుదిర్చిన బేరం చెడిందని నలుగురూ అనుకోవడం నాకు చిన్నతనంగా తోచింది. "తొందరేముందమ్మా, ఆయన్ని నేను దారికి తెస్తా" అని సంచీ నా బీరువాలో పెట్టుకున్నాను. దీపావళి తర్వాత మళ్లీ అడిగింది. మళ్లీ అదే మాట చెప్పాను. గడువు సంగతి ఎత్తలేదు.

సంక్రాంతి దాటాక, తై నెలలో ఆయన స్థలం వేరేవాళ్లకు అమ్మేశాడు. అప్పుడు అర్జీ పట్టుకుని ఆఫీసుకు పరుగెత్తాను. గుమస్తా కాగితాల వెనక కొన్న తేదీ ముద్ర చూసి తిప్పి ఇచ్చాడు.

"బేరం నడుస్తా ఉండింది సార్, అందుకే ఆగినాం" అన్నాను.

"ఎందుకు ఆగినారని మేం అడగం. ఎప్పుడు కొన్నారనే చూస్తాం" అన్నాడు.

వీరమ్మతో "గడువు దాటిందంట, గవర్నమెంటు రూలు" అన్నాను. ఆమె భర్త వైపు తిరిగింది. "ఆడి ఆడి అని నువ్వు నాన్చినందుకే కదా!" గురుసామి తల వంచుకున్నాడు. స్థలం పోవడానికి ఆడి కారణమేమో. గొలుసు పోవడానికి కాదు. ఆడి దాటాక కూడా అర్జీకి నెలల గడువుంది. అది తెలిసీ నేను నోరు విప్పలేదు. గొలుసు వేలంలో పోయింది.

అప్పటినుంచి చెడిన బేరంతో ఎవరొచ్చినా ముందు అర్జీ పెట్టించి, అందినట్టు ఆఫీసు ముద్ర వేయిస్తాను. రాజీ మాటలు ఆ తర్వాతే.

మొన్న ఆడిలో ఇద్దరూ మళ్లీ వచ్చారు, ఇంకో స్థలం కొనడానికి.

"ఆడి కదా, పరవాలేదా?" అన్నాను.

"ఆయన్ని అడగొద్దండి" అని వీరమ్మ నవ్వింది. "పంచాంగం చూసి చూసి నా గొలుసు మింగినాడు. మనవడు కూడా ఈయన్ని ఆడి తాతా అనే పిలుస్తాడు."

"రాసేయండి రైటరన్నా" అన్నాడు గురుసామి. "మంచినాళ్లు చూసే ఉద్యోగం నాకు ఊడి ఎనిమిదేండ్లయింది." ఆయనా నవ్వాడు. మాటలు పడీ పడీ అలవాటైన నవ్వు.

నేను పెన్ను కింద పెట్టాను.

"గురుసామీ, గొలుసు పోయింది ఆడి వల్ల కాదు. వీరమ్మ రెండుసార్లు అడిగినా కాగితాలు బీరువాలో పెట్టుకున్నది నేను. గడువు తెలిసీ చెప్పలేదు. ఆ గొలుసు విలువ నేనే కడతాను. నీ మీద ఇన్నాళ్లు పడిన మాటకు ఏం కట్టాలో తెలియదు. నన్ను మన్నించు. తాత తప్పు లేదని ఆ పిల్లోడికి కూడా చెప్పు."