మూడో కాలం

సంగీతంలో కాలమంటే వేగం. మొదటి కాలం నెమ్మది, రెండోది దానికి రెట్టింపు, మూడోది దానికీ రెట్టింపు. మా నాన్న ఫిడేలు విద్వాంసుడు, పాత గ్రంథాలు సరిదిద్దేవాడు. ఆయన మొదటి కాలంలో వాయిస్తున్నంతసేపూ మా ఇంట్లో పొయ్యి మీద పాలు పొంగేవి కావు. "ఏమండీ, కాస్త రెండో కాలం అందుకోండి, పిల్ల బడికి పోవాలి!" అని వంటింట్లోంచి అమ్మ కేకేసేది.

నా పదో ఏట ఆయనకో చేతిరాత పుస్తకం దొరికింది. అందులో ఒక కీర్తన పక్కన "మూడో కాలం ముట్టవద్దు" అని ఉంది. "వేళ్లు తిరగనివాడెవడో రాసుకుని ఉంటాడు" అని నవ్వి, నాన్న ఆ కాలమే అందుకున్నాడు.

మా కళ్లకు ఫిడేలు కమాను గాలిలో ఆగిపోయింది. రోజుకు వెంట్రుకవాసి కదిలేది. ఆయనకవి నిమిషాలు, మాకు ఏళ్లు. గది నిండా నెలల తరబడి ఒకే స్వరం. అమ్మ ఆయన భుజాల మీద దుమ్ము తుడిచీ తుడిచీ, ఒకనాడు కన్నుమూసింది. నాకు పెళ్లయింది, కూతురు పుట్టింది, తల నెరిసింది.

కిందటేడు కీర్తన ముగిసింది. నాన్నకింకా నలభయ్యే. నన్ను పోల్చుకోవడానికి చాలాసేపు పట్టింది. అమ్మ సంగతి చెప్పగానే మళ్లీ ఫిడేలెత్తాడు.

"చివర్నుంచి మొదటికి వాయిస్తే అంతా వెనక్కొస్తుందే అమ్మడూ. మీ అమ్మ లేచొస్తుంది."

"మరి నా కూతురో, నాన్నా?"

ఆయన కమాను తీగల మీద ఆనించాడు. నేను కమాను లాక్కుని విరిచేశాను.

అప్పటినుంచి ఆయన నన్ను "మీరు" అంటున్నాడు.