పెండ్లి కార్డు మీద వీరస్వామి సార్ మాట

కొత్త పెండ్లి కార్డుల కట్ట విప్పగానే ఒక వాసన వస్తుంది. అట్ట వాసన, రంగు వాసన, పైన చల్లిన చౌక సెంటు వాసన, మూడూ కలిసి ముక్కుకు తగులుతాయి. భూపాలపల్లి బస్టాండు దగ్గర నాకొక చిన్న డీటీపీ షాపు ఉంది. మ్యాటర్ నేను కొట్టి పంపుతాను, కార్డులు హైదరాబాదులో అచ్చయి వస్తాయి. మొన్న పొద్దున వచ్చిన కట్ట విప్పి, మొదటి కార్డుకు నాలుగు మూలలా పసుపు అద్ది, అలవాటు కొద్దీ ఇంగ్లీషు పేజీ తిప్పాను. అబ్బాయి పేరు, కింద 'వెడ్స్', దాని కింద అమ్మాయి పేరు. అంతే. అది కొట్టిందీ నేనే, పార్టీ వాళ్ళు అంతే చాలన్నారు. అయినా ఆ పేజీ చూస్తే సిగ్గేసింది. వీరస్వామి సార్ ఉంటే కార్డు నా ముఖాన కొట్టేవారు. ఆయన గుర్తుకొస్తే ఇప్పటికీ నాకు ముందు నవ్వొస్తుంది, తర్వాతే కళ్ళల్లో నీళ్ళు తిరుగుతాయి.

జనగామలో స్టేషన్ రోడ్డు మీద సత్తన్న ప్రింటింగ్ ప్రెస్సులో నేను డిగ్రీ అయిపోగానే ఆపరేటర్‌గా చేరాను. మా ఊరు అక్కడికి ఆటోలో అరగంట. వీరస్వామి సార్ హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పి రిటైరైన మనిషి. రోజూ మధ్యాహ్నం భోజనం చేసి వచ్చి, కిటికీ పక్క కుర్చీలో కూర్చుని ప్రూఫులు దిద్దేవారు. జీతం లేదు. చక్కెర లేని చాయ్ ఒకటి, ఆ చాయ్ బాగాలేదని తిట్టే హక్కు ఒకటి, ఆయనకు ఆ రెండూ చాలు. పెండ్లి కార్డుల ఇంగ్లీషు పేజీ మాత్రం తనదేనన్నట్టు ఉండేవారు. చుట్టుపక్కల ఊళ్ళలో ఆ పేజీ చదివేవాళ్ళు ఎవరూ లేరు. కానీ అది లేకపోతే కార్డుకు పరువు లేదని అందరూ వేయించుకునేవారు.

చేరిన వారంలోనే ఆయనతో నాకు మొదటి పేచీ వచ్చింది. చేతిరాతలో ఆయన రాసిచ్చిన ఒక మాట కింద కంప్యూటరు ఎర్రగీత పెట్టింది. నేను పెద్ద తెలివిగలదాన్నని అది తీసేసి 'మ్యారేజ్' అని కొట్టాను. ప్రూఫు చేతికి రాగానే ఆయన కళ్ళజోడు నుదుటి మీదికి తోశారు.

"ఎస్పౌజల్స్ అని రాసిస్తి గదా. ఎందుకు తీసినవ్?"

"కంప్యూటర్ తప్పన్నది సార్."

"గది పుట్టకముందు ఎన్నో వందలేండ్ల మాట అది. దానికేం ఎరుక? మళ్ళ పెట్టు."

లోపల నుంచి సత్తన్న పకపకా నవ్వాడు. "సార్, తెలుగుల లగ్గం అని రాస్తె నామోషీ అంటరు మనోళ్ళు. నువ్వేమో ఇంగ్లీషుల ముసలి మాట దొరకబట్టినవ్. ఎవ్వలు సదువుతరు సార్ దాన్ని?"

"ఎవ్వలు సదవకపోతే ఇష్టమొచ్చినట్టు రాయాల్నా?" అన్నారు సార్. ఆ మాట మళ్ళీ పెట్టాను. అప్పటినుంచి ఆ ప్రెస్సులో అచ్చయిన ప్రతి కార్డు ఇంగ్లీషు పేజీలోనూ పెండ్లి అంటే ఎస్పౌజల్సే. నేను దాన్ని ముసలాయన పంతం అనుకున్నాను.

దాని అర్థం నాకు తెలిసింది బాలు నాయక్ వల్ల. గూడూరు దగ్గర తాండ నుంచి ఇండ్ల పనులకు వచ్చి జనగామలో ఉండిపోయిన మేస్త్రీ ఆయన. బిడ్డ పెండ్లి కార్డు ప్రూఫు చూడడానికి వచ్చి, ఇంగ్లీషు పేజీ మీద వేలు పెట్టి మొహమాటపడుతూ అడిగాడు. "సార్, మా అల్లుడు సదువుకున్నోడు. గీ మాటేందని అడిగితే నేనేం జెప్పాలె?"

అడిగేవాడి కోసమే ఇన్నేళ్ళూ కూర్చున్నట్టు సార్ కుర్చీ దగ్గరికి జరుపుకున్నారు. "ఏం లేదు బాలూ. రెండు దిక్కులోళ్ళు ఎదురెదురు కూసొని, ఇస్తమని ఒకలు, చేసుకుంటమని ఒకలు మాట ఇచ్చుకునుడు. బాజాలు, పందిరి, బువ్వలు అన్నీ ఎనుక. ముందుగాల మాట. పాతకాలపు ఇంగ్లీషోళ్ళకు ఆ మాట ఇచ్చుకునుడే లగ్గం. అందుకే దానికి ఆ పేరు."

"గంతేనా సార్! మా తాండల గూడ గిదే గదా. నలుగురి నడుమ బెల్లం పంచి మాటిచ్చినంక అయిపోయినట్టే. తప్పితె పంచాయితే."

సార్ ముఖం వెలిగిపోయింది. బల్ల మీద చరిచి, "సూసినవా రజితా, బాలూకు ఒక్క నిమిషంల సమజైంది" అన్నారు. బాలు వెళ్ళిపోయాక నాకు ఇంకొంచెం చెప్పారు. ఆ మాటను ఇప్పుడు పెండ్లికి ఎవరూ వాడరట. దాని చుట్టం మాట 'ఎస్పౌజ్' మాత్రం ఇంకా బతికే ఉందట. ఒక సంగతిని నాది అనుకుని, దాని పక్కన నిలబడి, ఎవరేమన్నా వదలకుండా ఉంటే అప్పుడు ఆ మాట వాడతారట. నేను తల ఊపి నా పని చేసుకున్నాను. చాయ్ తాగుతూ చెప్పే కబుర్లు ఎన్నని గుర్తుపెట్టుకుంటాం!

ఆ ఏడే నా సంబంధం కుదిరింది. చిట్యాల వాళ్ళు చూడడానికి వచ్చారు. మా బాపు నా చిన్నప్పుడే పోయాడు. అమ్మ, కొమురమ్మ, పత్తి మిల్లు పనికి పోయి నన్ను చదివించింది. ఇంటికి పెద్దదిక్కు మా పెదబాపు మల్లయ్య. మంచివాడే, కానీ ఏదీ తేల్చి చెప్పడు. ఆ రోజు చిట్యాల పెద్దమనిషి "మాకు పిల్ల నచ్చింది, మీ మాట ఏంది?" అని అడిగితే, పెదబాపు మీసం దువ్వుకుంటూ "ఆలోచన చేసి చెప్తం, అందర్ని అడగాలె గద" అని నానబెట్టడం మొదలుపెట్టాడు. వాళ్ళు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. అప్పుడు తలుపు వెనకాల నుంచి అమ్మ గొంతు వినిపించింది. "ఇస్తం అన్నా. నా బిడ్డ మీ ఇంటిదే." పది మంది మగవాళ్ళ ముందు అమ్మ అలా మాట్లాడడం నేను వినడం అదే మొదటిసారి. సంబంధం ఆ మాటతోనే ఖాయమైంది.

నా కార్డు మ్యాటర్ నేనే కొట్టుకున్నాను. అందరి కార్డుల్లాగే కొట్టాను. కీర్తిశేషులు సాయిలు గారి కుమార్తె అని చిన్నగా, ఆహ్వానించువారు మల్లయ్య దంపతులు అని పెద్దగా. అమ్మ పేరు ఎక్కడా లేదు. మొగుడు లేని ఆడదాని పేరు శుభలేఖ మీద పిలిచేవాళ్ళ వరుసలో వేయరు. ఎన్నో కార్డుల్లో అలా కొట్టి కొట్టి నా చేతులకు అదే అలవాటు. వీరస్వామి సార్ ప్రూఫు చదివి కళ్ళజోడు తీశారు.

"మాట ఇచ్చిందెవలు బిడ్డా?"

జరిగింది చెప్పాను. అంతవరకూ అమ్మ ఇచ్చిన మాటనూ కార్డు మీది పేర్లనూ కలిపి చూడలేదు నేను. ఆ క్షణంలో నా మీద నాకే అసహ్యం వేసింది. వెంటనే ఒక ఉపాయం తట్టింది. "సార్, ఇంగ్లీషు పేజీల అమ్మ పేరు పెడదాం. ఎవ్వలు సదవరు. గొడవుండదు."

ఆయన నా మీద ఎప్పుడూ అంత కోపంగా అరవలేదు. "మీ అమ్మను నా పేజీల దాస్తవా? ఆమె సదువుకోలేని భాషల ఆమె పేరు రాసి మురుస్తవా?"

తర్వాత ప్రూఫు ముందు పెట్టుకుని కూర్చున్నారు. నెమ్మదిగా చెప్పారు. వాళ్ళ నాన్న కూడా తొందరగానే పోయాడట. చెల్లెలి సంబంధం వాళ్ళమ్మే కాళ్ళరిగేలా తిరిగి కుదిర్చింది, మాట ఆమే ఇచ్చింది. అప్పుడే ఉద్యోగంలో చేరిన కొడుకు, అంటే ఈ సారే, కార్డు మీద తన పేరు వేసుకున్నాడు. ఇంగ్లీషు పేజీలో గొప్పగా ఉంటుందని డిక్షనరీ తిరగేసి ఒక పాత మాట ఏరి పెట్టాడు.

"ఆ మాట సప్పుడు నచ్చింది బిడ్డా, అంతే. అర్థం లగ్గమైనంక సూసిన. తాళి కట్టేటప్పుడు మా అమ్మ వంటల కాడ గిన్నెల నడుమ నిలబడ్డది. నేను పిలువలే. ఆమె పోయేదాక గూడ ఆ సంగతి ఎత్తలే." ముక్కు చీదుకుని, ప్రూఫు నా ముందుకు తోశారు. "అందుకే ప్రతి కార్డు మీద రాస్తున్న. నాకు యాది ఉండాలెనని. నీ ఇష్టం, నేను జబర్దస్తి చెయ్య."

తెలుగు పేజీలో, ఆహ్వానించువారు అన్నచోట, మొదట అమ్మ పేరు కొట్టాను. రెండో వరుసలో పెదబాపు పెద్దమ్మల పేర్లు. ఆ ప్రూఫు తీసుకుని ఇంటికి పోయాను. అమ్మకు రాత్రి బడిలో నేర్చుకున్న అక్షరాలు ఉన్నాయి, కూడబలుక్కుని బస్సు బోర్డులు చదువుతుంది. సంగతి విని ముందు భయపడింది. "నీకేమన్న పిస లేసిందా? మొగడు లేనిదాని పేరు శుభలేక మీద ఏస్తరా ఎవలన్న? రేపు నీకేమన్న అయితె నన్నంటరు." అంటూనే కాయితం తీసుకుంది. కొ, ము, ర, అని ఒక్కొక్క అక్షరం మీద వేలు జరిపింది. "అచ్చుల ఇట్లుంటదా నా పేరు?" అంది. ఆ కాయితం నాకు తిరిగి ఇవ్వడానికి ఆమెకు చేతులు రాలేదు.

మరునాడు పెదబాపు వచ్చాడు. ఎవరు చెప్పారో ఏమో, గడపలోనే అందుకున్నాడు. "నేను సచ్చిన్ననుకున్నరా? ఇన్నేండ్లు ఈ ఇంటికి అండగున్నది నేను. నా పేరు అడుగున ఏస్తరా? అట్లయితె పిలగాని కాళ్ళు గూడ ఆమెనే కడుగుమను!" కన్యాదానం చేసేది ఆయనా పెద్దమ్మానే. ఆయన పీటల మీద కూర్చోనంటే చిట్యాల వాళ్ళ ముందు మా బతుకేం కావాలి? ఆ కార్డు ముక్కలు చేసి పొయ్యిలో వేద్దామనుకున్నాను. అమ్మ కొంగు సర్దుకుని ఆయన ఎదురుగా వచ్చి నిలబడింది.

"బావా, కాళ్ళు నువ్వే కడగాలె. నువ్వు లేకుంటె నా బిడ్డ లగ్గమే లేదు. గని ఆ నాడు మాట ఇచ్చింది నేను. రేపు దాని కాపురంల ఏమన్న అయితె అడిగేది నన్నే. ఆ మాట నాదేనని కాయితం మీద ఉండనియ్యి. ఇంకేం అడగ నిన్ను."

పెదబాపు గడప దిగి వెళ్ళిపోయాడు. రెండు రోజులు ఆయన జాడ లేదు. మా ఇంట్లో ఎవరికీ ముద్ద దిగలేదు. ప్రెస్సులో సత్తన్న "అచ్చు ఏద్దామా, ఆపుదామా?" అని అడిగినప్పుడల్లా నేను సార్ వైపు చూసేదాన్ని, సార్ తల వంచుకునేవారు. ఒకసారి మాత్రం, "పాత తీరుగనే ఏయించుకో బిడ్డా, నా మాటిని నీ లగ్గం చెడగొట్టుకోకు" అన్నారు. అంత పెద్దమనిషి భయపడడం చూసి నాకు ఏడుపొచ్చింది. వద్దన్నాను.

మూడోరోజు పెదబాపు తిన్నగా ప్రెస్సుకే వచ్చాడు. నాతో మాట్లాడలేదు. సార్ ఎవరో కూడా ఆయనకు తెలియదు. కార్డు చూపించమని కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. పైనుంచి కిందికి రెండుసార్లు చదివాడు. ప్రెస్సులో మిషను ఆగి ఉంది.

"మా తమ్ముని పేరు మరీ సన్నగ పడ్డది సార్" అన్నాడు చివరికి. "జర పెద్దగ ఏయిండ్రి."

సార్ పెన్సిల్ తీసి గుర్తు పెట్టారు. "మీ పేరు?" అని మెల్లగా అడిగారు.

"గక్కడ్నే ఉండనియ్యిండ్రి. కొమురమ్మ ఎనుక." లేచి నిలబడి, గోడ వైపు చూస్తూ, "ఆ నాడు నేను నసిగిన సార్. ఆమె మాట్లాడకపోతె సంబంధం పోతుండె" అన్నాడు. ఇంగ్లీషు పేజీ సార్ అప్పటికప్పుడు కొత్తగా రాసిచ్చారు. కొమురమ్మ తన కూతురు రజిత ఎస్పౌజల్స్‌కు మీ రాకను కోరుతున్నది అని.

పెండ్లినాడు పెదబాపే పెండ్లికొడుకు కాళ్ళు కడిగాడు. జీలకర్ర బెల్లం పెట్టుకుని తల ఎత్తితే అమ్మ నాకు ఎదురుగానే, పందిట్లో ముందు వరుసలో ఉంది. నేను వెతుక్కోవలసిన అవసరం రాలేదు. సార్ భోజనం చేయకుండా జారుకోబోతే అమ్మ వెళ్ళి దారికి అడ్డం నిలబడింది. "పిలిచింది నేను సార్. తినంది పోతరా?" అంది. సార్ బుద్ధిమంతుడిలా వెళ్ళి బంతిలో కూర్చున్నారు.

సార్ పోయి కొన్నేళ్ళయింది. ఇప్పటి కార్డుల్లో ఆయన మాటకు చోటు లేదు, నేనూ పెట్టించుకోమని ఎవరినీ బలవంతం చేయను. ఆయన అడిగిన ప్రశ్న మాత్రం నా నోటి నుంచి పోలేదు. తండ్రి పేరు ముందు కీర్తిశేషులు అని రాసిస్తే, అడగకుండా కొట్టను. కొందరు విసుక్కుంటారు, ఇంకో షాపుకు పోతారు, పోనీ. పోయిన వారం ఒకామె వచ్చి, పిలిచేవాళ్ళ చోట మరిది పేరు రాసిన చీటీ నా ముందు పెట్టింది. "మాట ఇచ్చిందెవరక్కా?" అని అడిగాను. ఆమె బల్ల అంచు పట్టుకుని నా వైపు వంగింది.

"నేనే ఇచ్చిన. గని ఇంతదాక ఎవ్వలడగలే బిడ్డా."

"పేరు చెప్పక్కా" అన్నాను.