పద్నాలుగు మూరల గీత

మంగళవారం. ఉదయం చేసినవి: ఇడ్లీ పిండి రుబ్బడం, రెండు బకెట్ల బట్టలు, డాబా మీద వడియాలు. పప్పు పొయ్యి మీద ఉండగా ఫోన్ వచ్చింది. పిల్లల పోటీలు చూడటానికి విజయనగరం వెళ్ళిన మా వదిన, మా ఆయన అక్క, రాత్రి నిద్రలోనే పోయిందని. పప్పు మాడింది.

వదిన పదకొండేళ్ళు టెన్నిస్ ఆడి బతికింది. పాత పేపర్లు వెతికితే ఆమె పేరు మీకు చిన్న అక్షరాల్లో దొరకవచ్చు. పెద్ద కప్పులేవీ తేలేదు. అడిగితే నవ్వేది.

"గెలిస్తే మళ్ళీ ఆటేనే. మొదటి రోజే ఓడిపోతే ఊరు సూడొచ్చు. నాను సానా ఊర్లు సూసేను."

మోకాళ్ళు మొరాయించాక ఆమదాలవలసలో మా రైసుమిల్లుకు వచ్చేసింది. ధాన్యం ఆరబోసే సిమెంటు కళ్లం ఖాళీగా ఉండే నెలల్లో అక్కడే ఆడపిల్లలకు ఆట నేర్పింది. రంగు ధాన్యానికి అంటుతుందని గీతలు ముగ్గుతోనే. అది నా వంతు. నెట్ నుంచి సర్వీసు గీతకు, అంటే సర్వీసు బంతి దాటి పడకూడని గీతకు, ఇరవై ఒక్క అడుగులు ఉండాలంది. టేపు కనబడలేదు. పద్నాలుగు మూరలని లెక్క కట్టి, నా చేత్తో కొలిచి గీశాను. లెక్క సరైనదే. నా చెయ్యే పొట్టిది. గీత నెట్ వైపు మూరెడు జరిగిపోయింది.

రెండేళ్ళ తర్వాత ఇద్దరు పిల్లలు విజయనగరంలో పోటీకి దిగారు. కోర్టు చూడగానే ఒకతె, "ఇక్కడ గీత దూరంగా ఉన్నాదేటి పిన్నీ?" అంది. నా మూర పొట్టిదని నాకు అప్పుడు తెలిసింది. కానీ వాళ్ళ సర్వీసు ఒక్కటీ గీత దాటలేదు. ఇద్దరూ గెలిచారు.

తిరుగు రైల్లో వదినతో తప్పు ఒప్పుకున్నాను.

"మొదటి రోజే పాదాలతో కొలిసీసేనే," అంది.

"మరి సెప్పలేదేటి వదినా?"

"ఇరుకులో ఎయ్యడం వస్తే ఎక్కడైనా ఎయ్యొచ్చు. అయినా నీకు జరిమానా ఉన్నాది. నాతో ఒక ఆట ఆడాల. మోకాళ్ళు లేని నాను, రాకెట్ పట్టని నువ్వు. జోడీ సరిపోతాది."

ఇంటికి రాగానే నా పద్దుల పుస్తకం లాక్కుని రాసింది: మరదలు, ఒక ఆట బాకీ. ప్రతి నెలా ఆ వరుసను కొత్త పేజీలోకి ఎక్కించాను తప్ప ఆడలేదు. చీర, వయసు, చూసేవాళ్ళు. "రేపు వదినా" అనేదాన్ని.

"నీ రేపు ముదిరిపోతన్నాదే" అనేది.

పన్నెండో రోజు కార్యం అయిన మర్నాడు కళ్లం ఊడ్చాను. టేపు చేతిలోనే ఉంది. అయినా పద్నాలుగు మూరలే కొలిచి గీశాను. విజయనగరంలో గెలిచిన ఇద్దరిలో పెద్దపిల్లను పిలిచి, కొంగు దోపి, వదిన రాకెట్ పట్టుకున్నాను. వరసగా నాలుగు పాయింట్లు పోయాయి, అంతటితో ఒక ఆట అయిపోయింది.

"ఓడిపోనావు పిన్నీ," అంది పిల్ల నవ్వుతూ, కళ్ళు తుడుచుకుంటూ.

ఓడిపోయాను కాబట్టి ఊరు చూశాను. కళ్లం మధ్యలో నిలబడి ఎప్పుడూ చూడలేదు. మిల్లు రేకుల మీద పావురాలు. గోడ అవతల స్టేషన్లోకి వస్తున్న పాసింజరు. కిటికీల్లోంచి జనం నన్నే చూస్తున్నారు. రాకెట్ పైకెత్తి ఊపాను.

పుస్తకంలో రాశాను: ఒక ఆట, చెల్లు.