గడప దాటని జమేదారు

మా పక్కింటి జమేదారు గారు పోయిన మంగళవారం మిర్యాలగూడలో, కూతురింట్లో కన్నుమూశారు. కబురు తెచ్చిన అల్లుడు కళ్లు తుడుచుకుంటూనే, "యముణ్ని గూడ కాగితమేదని అడిగిండేమో, జల్ది తీస్కపోలేదు" అన్నాడు. నాకు నవ్వొచ్చింది. ఆయన వింటే ఆయనా నవ్వేవారు.

హెడ్ కానిస్టేబుల్‌ను సూర్యాపేటలో మేం జమేదారు అనేవాళ్లం. నేను కళ్లారా చూసిన మహాద్భుతాల్లో సాగర్ డ్యాం మొదటిది, చేతిలో లాఠీ ఉండి కూడా ఊరికే ఉండగలిగిన ఆ పోలీసు రెండోది. డిగ్రీ చదివినవాణ్ని, ఆలోచించే ఈ వరుస పెట్టాను. ఇప్పుడు వరుస మార్చాలనిపిస్తోంది.

యూనిఫాంలో ఉంటే మా ఇంట్లో చాయ్ ముట్టేవారు కాదు. అమ్మ బతిమాలితే, "ఇయ్యాల చాయ్ పోస్తవ్ చెల్లె, రేపు మీ ఆయన పని చెప్తడు" అనేవారు. అమ్మ నవ్వేది. నాన్న నిజంగానే పని చెప్పాడు.

బజారులో మాకొక మల్గి, అంటే షాపు గది, ఉండేది. భర్త పోయిన ఒకావిడ అందులో కుట్టుమిషన్ పెట్టుకుని పిల్లల్ని సాకుతోంది. మా అన్నతో మందుల షాపు పెట్టిద్దామని నాన్న ఖాళీ చెయ్యమన్నాడు. ఇంకో చోటు దొరికేదాకా కదలనంది. మా ఊరి ఆచారం ప్రకారం పొలం గెట్టు జరిగినా, గోడ వంగినా, కిరాయిదారు మొండికేసినా కోర్టుకు కాదు, పోలీస్ స్టేషనుకే పోవాలి. నాన్న పోయాడు. కొత్త యస్సై, "పోయి ఖాళీ చేయించు" అని జమేదారు గారికే చెప్పాడు.

ముందు ఆయన, వెనక నాన్న, నాన్న వెనక నేను. బ్యాండుమేళం ఒక్కటే తక్కువ. మల్గి ముందు బజారంతా పోగైంది. ఆమె కుట్టడం ఆపి, మిషన్ను గట్టిగా పట్టుకుని కూర్చుంది. జమేదారు గారు గడప బయటే ఆగారు.

"నీ పని నువ్వు చేస్కో చెల్లె."

నాన్నకు అర్థం కాలేదు. "అన్నా, సామాను బయటేపియ్యవా?"

"ఎవరుండాల్నో, ఎప్పుడు ఖాళీ చెయ్యాల్నో కోర్టు చెప్తది తమ్మీ. ఆర్డర్ తే, దగ్గరుండి నేనే చేపిస్త."

"మరి గీడిదాంక ఎందుకొచ్చినవ్?"

"నువ్వు తలుపు పలగ్గొడ్తవేమో సూడనీకి. గంతవరకే నా పని."

బజారు నవ్వింది. నేనూ నవ్వాను, ఆ పూట ఇంట్లో కూర లేకుండా తిన్నాను.

యస్సైకీ అదే చెప్పారట. "కొట్లాటైతె ఆపుత సార్, దొంగతనమైతె పట్టుకొస్త. మల్గి ఎవరికియ్యాల్నో తేల్చుడు మనది కాదు." వెంటనే కోదాడకు బదిలీ. ఆంధ్ర సరిహద్దు కదా, అక్కడి నీళ్లకు ఆయన మాటలో "అండీ" చేరింది గానీ పద్ధతి మారలేదు. సెలవుకు ఇంటికొచ్చినా నాన్న పలకరించేవాడు కాదు. గోడకు అటొకరు, ఇటొకరు రేడియోలో ఒకే వార్తలు వినేవాళ్లు.

నాన్న చివరికి కోర్టుకే పోయాడు. వాయిదాలు నడిచి నడిచి, మల్గి మాకు అప్పగించాలని, ఆమె చోటు వెతుక్కోవడానికి గడువివ్వాలని తీర్పు వచ్చింది. ఆ గడువులో ఆమెకు కూరగాయల మార్కెట్ పక్కన చిన్న గది దొరికింది. ఆ రోజు సామాను బజార్లో పడి ఉంటే ఆ మిషన్ మళ్లీ తిరిగేదో లేదో. ఇద్దరికీ న్యాయం జరిగింది. ఇద్దరి తరఫునా కోదాడ దగ్గర మునగాల రోడ్డు మీద ఎండలో లారీలు ఆపుతూ నిలబడ్డది మాత్రం జమేదారు గారు.

ఆమె ఖాళీ చేసిన ఆదివారం ఆయన వచ్చి మిషన్‌కు ఒక పక్క చెయ్యి వేశారు. ఇనుపకాళ్ల మిషన్, ఒక్కరికి లేవలేదు. నాన్న కాసేపు చూసి, చేతిలోని కొత్త తాళం నాకిచ్చి, రెండో పక్క పట్టుకున్నాడు.

"జర మెల్లగ తమ్మీ, నడుం పడ్తది."

"నీ దిక్కు నువ్వు సూస్కో అన్నా."

బట్టల మూటతో ఆమె వెనక నడిచింది. మిషన్ పట్టా విప్పడం ఎవరికీ గుర్తులేదు. వాళ్ల అడుగు పడ్డప్పుడల్లా కింది తొక్కుడు పలక ఊగి, చక్రం తనంతట తనే తిరిగింది. నడిబజార్లో, కింద గుడ్డ లేకుండానే, సూది కుడుతూ పోయింది.